ఆన్ ఆర్బర్ తీర్పు వల్ల పిల్లలకు చదవడం వచ్చిందా? జెనీవా స్మిదర్‌మన్ కృషిపై చర్చ

పలక_బలపం:
నల్లజాతి అధ్యయనాలు, భాష, అక్షరాస్యత అనే మూడింటినీ ఒకే పనిగా పట్టుకున్న అమెరికన్ పండితురాలు జెనీవా స్మిదర్‌మన్. 1940లో టెనెసీలోని బ్రౌన్స్‌విల్‌లో పుట్టారు, డెట్రాయిట్‌లో పెరిగారు. మిషిగన్ విశ్వవిద్యాలయంలో 1969లో డాక్టరేట్ పూర్తిచేశారు. తర్వాత చాలాకాలం మిషిగన్ స్టేట్ విశ్వవిద్యాలయంలో పనిచేశారు. ఆమె పేరు చెప్పగానే అందరూ మిషిగన్‌లోని ఆన్ ఆర్బర్ బడి మీద 1979లో వచ్చిన కోర్టు తీర్పును తలుచుకుంటారు. నల్లవారి ఇంగ్లీషుకు వ్యాకరణం ఉందని కోర్టు చేత ఒప్పించడం గొప్ప సంగతే. కానీ కేసు వేసింది పిల్లలకు చదవడం రావడం లేదని. తీర్పు తర్వాత వాళ్ల చేతికి కొత్త వాచకం అందలేదు. గౌరవం దక్కింది గానీ అక్షరం దక్కలేదన్నది నా వాదన. కాదనేవాళ్లు వివరాలతో రండి.

కచేరి_కాగితం:
ముందు కేసును సరిగ్గా చెప్పుకుందాం. ఆన్ ఆర్బర్‌లోని మార్టిన్ లూథర్ కింగ్ ప్రాథమిక పాఠశాలలో ఎక్కువమంది తెల్లపిల్లలు. పక్కనే గ్రీన్ రోడ్ గృహసముదాయం నుంచి వచ్చే పేద నల్లపిల్లల్లో కొందరిని నేర్చుకునే శక్తి తక్కువైనవాళ్లుగా లెక్కగట్టారు. వాళ్ల తల్లులు 1977లో కోర్టుకెక్కారు. పేదరికం, సంస్కృతి ఆధారంగా చేసిన ఆరోపణలను జడ్జి చార్లెస్ జాయినర్ మొదట్లోనే కొట్టేశారు. చివరికి నిలిచింది 1974 సమాన విద్యావకాశాల చట్టంలోని ఒకే ఒక్క నిబంధన: భాష అడ్డుగా ఉంటే దాన్ని తొలగించడానికి విద్యాసంస్థ తగిన చర్య తీసుకోవాలి. ఆ నిబంధన వలసవచ్చిన పిల్లలకే కాదు, ఇంగ్లీషులోనే ఇంకో రకం మాట్లాడే పిల్లలకూ వర్తిస్తుందని చూపించడమే స్మిదర్‌మన్ బృందం చేసిన పని. పిల్లల తరఫున ముఖ్య సలహాదారు ఆమే, నిపుణ సాక్షి కూడా ఆమే. భాషాశాస్త్రవేత్త విలియం లబావ్ కూడా సాక్ష్యం ఇచ్చారు.

1979 జులై 12న తీర్పు వచ్చింది. అడ్డు ఆ భాషలో లేదు, ఉపాధ్యాయులు దాన్ని లెక్కలోకి తీసుకోకపోవడంలో, పిల్లలను చిన్నబుచ్చడంలో ఉంది అన్నారు జడ్జి. 30 రోజుల్లో ప్రణాళిక ఇవ్వమన్నారు. పాఠశాల బోర్డు ఉపాధ్యాయులకు శిక్షణ ప్రతిపాదించింది. అప్పీలు జరగలేదు గనుక తీర్పు జిల్లా కోర్టు స్థాయిలోనే మిగిలిపోయింది. ఇతర కోర్టులు దాన్ని పాటించి తీరాలన్న నియమం లేదు. బలహీనత ఎక్కడంటే ఇక్కడ. అది ఆమె వాదనది కాదు, ఆ నిబంధన పరిధిది.

పలక_బలపం:
కచేరి_కాగితం గారూ, నా మాటా అదే కదా. ఉపాధ్యాయుల మనసు మార్చమన్నారు, పాఠం మార్చమనలేదు.

నుడికారం:
మనసు మారకుండా పాఠం మారదండీ. ఆన్ మెకార్మిక్ పీస్ట్రప్ 1973లో ఓక్లండ్ ఒకటో తరగతుల్ని పరిశీలించారు. పిల్లలు చదువుతుంటే అడుగడుగునా ఆపి ఉచ్చారణ సరిదిద్దిన టీచర్ల దగ్గర చదివే మార్కులు తక్కువగా వచ్చాయి. పైగా ఆ పిల్లలు ఇంటి మాటనే ఇంకా ఎక్కువగా వాడారు. పిల్లల లయను అందుకుని, పిలుపుకు బదులు అన్నట్టు పాఠం నడిపిన టీచర్ల దగ్గర ఫలితాలు మెరుగు. స్మిదర్‌మన్ 1977 నాటి పుస్తకంలో నల్లవారి కథన పద్ధతులుగా చెప్పిన వాటిలో మొదటిది ఈ పిలుపు-బదులే. తక్కినవి ఎత్తిపొడుపు, స్వరంతో అర్థం పలికించడం, విషయాన్ని కథగా అల్లి చెప్పడం. వ్యాకరణంతో ఆగకుండా మాట్లాడే తీరుదాకా వెళ్లడమే ఆమె ప్రత్యేకత.

ఇంకో సంగతి. టీచరు ఉద్యోగానికి అర్హత కోసం పెట్టిన ఉచ్చారణ పరీక్షలో స్మిదర్‌మన్ తప్పారు, మాట దిద్దే తరగతికి పంపారు. పరీక్ష పెట్టేవాళ్లు యాసను లోపంగా ఎలా చదువుతారో ఆమెకు పుస్తకాలు చూసి తెలుసుకోవాల్సిన అవసరం రాలేదు.

క్రియాపదం:
వ్యాకరణం మాట వచ్చింది గనుక, ఇక్కడ చాలామంది పొరబడే చోటు చెబుతాను. నల్లవారి ఇంగ్లీషులో “హి వర్కింగ్”, “హి బి వర్కింగ్” రెండూ ఒకటి కావు. మొదటిది అతను ఇప్పుడు పనిలో ఉన్నాడని. రెండోది అతను మామూలుగా పనికి వెళ్తుంటాడని. “బి” అంటే “ఈజ్”కు బదులు అనుకుని బోధించే టీచరు పిల్లవాడి వాక్యాన్ని తప్పుగా అర్థం చేసుకుంటారు, దిద్దేటప్పుడు ఇంకో తప్పు ఎక్కిస్తారు.

జానిస్ జాక్సన్ చేసిన ప్రయోగం దీన్ని చక్కగా పట్టిస్తుంది. కుకీ మాన్‌స్టర్, ఎల్మో అమెరికన్ పిల్లల టీవీ కార్యక్రమంలోని పాత్రలు. బొమ్మలో కుకీ మాన్‌స్టర్ జ్వరంతో పడుకుని ఉంటాడు, ఎల్మో బిస్కెట్లు తింటుంటాడు. “హూ ఈజ్ ఈటింగ్ కుకీస్” అని అడిగితే పిల్లలంతా ఎల్మోనే చూపారు. “హూ బి ఈటింగ్ కుకీస్” అని అడిగితే నల్లపిల్లలు కుకీ మాన్‌స్టర్ అన్నారు, ఎందుకంటే ఎప్పుడూ తినేది వాడే. తెల్లపిల్లలు మళ్లీ ఎల్మో అన్నారు.

“ఈజ్” తీసేయడానికీ కట్టుబాటు ఉంది. బడి ఇంగ్లీషులో “హి ఈజ్”ను “హీజ్” అని కుదించగలిగిన చోటే నల్లవారి ఇంగ్లీషులో తీసేయగలరు. “దట్స్ వేర్ హి ఈజ్” అన్న వాక్యం చివర కుదించలేం, అందుకే అక్కడ ఎవరూ తీసేయరు. “ఐ యామ్”లోనూ పోదు. తెలుగువాళ్లకు ఇది వింత కాకూడదు. “ఆయన డాక్టరు” అంటాం, మధ్యలో క్రియ ఏదీ లేదు. ఎవరూ దాన్ని సోమరితనం అనరు.

పలక_బలపం:
క్రియాపదం గారూ, ఇదంతా టీచరుకు తెలియాల్సింది. పిల్లవాడికి ఏం ఇవ్వాలి? దానికి సాక్ష్యం ఉందా?

నుడికారం:
ఉంది, ఆమె కాలంలోనే. 1977లో గ్యారీ సింప్కిన్స్, గ్రేస్ హోల్ట్, చార్లెసెట్టా సింప్కిన్స్ “బ్రిడ్జ్” అనే వాచకాల వరుస తయారుచేశారు. మూడు మెట్లు: మొదటి కథలు నల్లవారి వాడుకలో, తర్వాతివి మధ్యస్థంగా, చివరివి బడి ఇంగ్లీషులో. 7 నుంచి 12 తరగతుల్లో, 540 మందితో పరీక్షించారు. నాలుగు నెలల బోధనకు బ్రిడ్జ్ పిల్లలు చదవడంలో 6.2 నెలల ముందడుగు వేశారు. మామూలు పద్ధతిలో చదివిన పిల్లలది 1.6 నెలలే. అయినా అభ్యంతరాలు రావడంతో ప్రచురణకర్తలు కొనసాగించలేదు. వాచకం అందకపోవడానికి కారణం మీరు స్మిదర్‌మన్‌లో వెతుకుతున్నారు. నా లెక్కలో అది మార్కెట్ భయం.

కచేరి_కాగితం:
540 మంది, నాలుగు నెలలు. మెరుగుదల చూపడానికి ఇది చాలు, అది నిలిచిందని చెప్పడానికి చాలదు.

క్రియాపదం:
ఒప్పుకుంటాను. పోల్చి బోధించే పద్ధతికి ఇంకో ఆధారం హానీ టేలర్ పని, 1989. షికాగో దగ్గరి అరోరా విశ్వవిద్యాలయంలో 11 వారాలు రెండు భాషారూపాలనూ పక్కపక్కన పెట్టి నేర్పిన బృందం రాతలో ఇంటి రూపాలు 59 శాతం తగ్గాయి. మామూలుగా నేర్పిన బృందంలో తగ్గకపోగా 8.5 శాతం పెరిగాయి. వాళ్లు కాలేజీ విద్యార్థులు, చిన్నపిల్లలు కారు. అది గుర్తుంచుకోవాలి.

చేసే తీరు ఇలా. పిల్లల రాతలోంచే వాక్యాలు తీసుకోవాలి, టీచరు కల్పించకూడదు. ఒక వారానికి ఒక్క అంశమే, ఉదాహరణకు “షి వాక్”లో చివరి “స్” లేకపోవడం. రెండు నిలువు గళ్లు గీసి ఇంటి రూపం, బడి రూపం ఎదురెదురుగా రాయాలి. నియమం ఏమిటో పిల్లలే కనిపెట్టాలి. తర్వాత రెండువైపులా మార్చాలి, బడి రూపాన్ని ఇంటి రూపంలోకి కూడా. ఎక్కువమంది టీచర్లు ఈ రెండోవైపు వదిలేస్తారు, అక్కడే పద్ధతి చెడుతుంది. ఒకవైపే మారిస్తే ఎడమ గడి తప్పుల గడి అయిపోతుంది.

ఏడో_మైలురాయి:
గడికి ఏ పేరు పెట్టినా పిల్లవాడికి అందే కబురు మారదండీ: నీ భాష ఇంటికి, మాది ఉద్యోగానికి. భాషా బోధన పండితురాలు ఏప్రిల్ బేకర్-బెల్ 2020లో చెప్పింది ఇదే. ఆమె స్మిదర్‌మన్ వేసిన దారిలోనే డెట్రాయిట్ నుంచి వచ్చిన మనిషి. బడి ఇంగ్లీషులో మాట్లాడినంత మాత్రాన నల్లవాళ్లకు వివక్ష తప్పలేదు గదా అని అడుగుతారు. రచనా బోధన పండితుడు వెర్షాన్ యంగ్ ఒక రూపం నుంచి ఇంకో రూపానికి మార్చుకోవడం కాదు, రెంటినీ కలిపి రాయనివ్వండి అంటారు. 1974లో కాలేజీ రచనా ఉపాధ్యాయుల సమావేశం విద్యార్థులకు తమ భాష మీద హక్కు ఉందని తీర్మానించింది. ఆ కమిటీలో స్మిదర్‌మన్ ఉన్నారు. ఆ హక్కును రెండు గళ్లలోకి కుదించడం నాకు నచ్చదు.

పలక_బలపం:
లీసా డెల్పిట్ 1988లో దీనికి ముందే జవాబిచ్చారు. అధికారం ఉన్నవాళ్ల భాషకు నియమాలుంటాయి, అవి ఇంట్లో వినపడని పిల్లలకు విడమరిచి చెప్పకపోతే అన్యాయం పెరుగుతుంది అన్నారు. చెప్పేది నల్లజాతి టీచరు, మేలుకోరే తెల్లవాళ్లు కాదు.

నుడికారం:
మీరిద్దరూ స్మిదర్‌మన్‌ను చెరోవైపుకు లాగుతున్నారు. ఆమె బలపరిచిన భాషావిధానంలో మూడు పాయలున్నాయి. విస్తృత వ్యవహార భాష, అంటే బడి ఇంగ్లీషు, అందరికీ నేర్పాలి. మాతృభాషకు, మాండలికానికి గౌరవం, చోటు ఉండాలి. ఇంకో భాష కూడా నేర్వాలి, అది మూడో ప్రపంచానిదైతే మరీ మంచిది. మూడో పాయను ఎవరూ ఉదహరించరు. ఇంగ్లీషొక్కటే చాలునని నమ్మే దేశంలో అది తెల్లపిల్లల మీద కూడా బాధ్యత పెడుతుంది, నాకు అన్నిటికంటే పదునుగా అనిపించేది అదే.

ఇక రాతకు సంబంధించి, దేశవ్యాప్త విద్యా పరీక్షలో 17 ఏళ్ల నల్లవిద్యార్థులు రాసిన వ్యాసాలను ఆమె పరిశీలించారు. 1984, 1988 నాటి ఊహాకథనాల్లో నల్లవారి కథనశైలి ఎంత చిక్కగా ఉంటే మార్కులు అంత ఎక్కువ. కాబట్టి ఆమె సలహా: వ్యాకరణరూపాల వెంట అతిగా పడకండి, పిల్లలకున్న కథనబలాన్ని పైకి తీయండి.

ఏడో_మైలురాయి:
మన గిడుగు రామమూర్తి గారిని చూడండి. సవర పిల్లలకు సవరలోనే వాచకాలు రాశారు. తెలుగులో గ్రాంథికాన్ని పక్కకు జరిపి ప్రమాణాన్నే వాడుకవైపు మార్చే ఉద్యమం నడిపారు. అమెరికాలో ప్రమాణాన్ని ఎవరూ కదల్చలేదు.

క్రియాపదం:
కదిలాక ఏమైందో కూడా చూడాలి. వాడుకభాష పేరుతో నిలబడిన ప్రమాణం కోస్తా చదువరుల మాట. దాని ముందు తెలంగాణ పిల్లల మాట చాలాకాలం తప్పుగానే లెక్కకొచ్చింది. ప్రమాణం మారినంత మాత్రాన రెండు రూపాలు ఎదురుపడే తరగతి గది పోదు. అందుకే టీచరుకు ఆ పని రావాలంటాను.

పలక_బలపం:
సరే, ఒక్క ప్రశ్నకు జవాబివ్వండి, నా వాదనలో సగం వెనక్కు తీసుకుంటాను. పిల్లవాడు “మిస్ట్” (“మిస్”కు భూతకాలం, చివర ఈ-డి) అని రాసి ఉన్నదాన్ని “మిస్” అని చదివాడు. అది యాసా, చదవలేకపోవడమా? టీచరు ఎలా తేల్చాలి?

క్రియాపదం:
లబావ్ దారి చూపారు. ఆర్-ఈ-ఎ-డి అన్న మాట రాతలో ఒకటే, వర్తమానంలో “రీడ్” అని, భూతకాలంలో “రెడ్” అని పలుకుతాం. కాలాన్ని ఒక్క ఈ-డి మాత్రమే తెలిపే వాక్యంలో దాన్ని పెట్టండి: “వెన్ ఐ పాస్ట్ బై, ఐ రెడ్ ద పోస్టర్స్”. పిల్లవాడు “పాస్” అని పలికి ఆ తర్వాత “రెడ్” అంటే ఈ-డి అర్థమైంది, నోట రాలేదంతే. దిద్దకుండా ముందుకు పోవాలి. “రీడ్” అంటే ఆ గుర్తు అతనికి భూతకాలాన్ని తెలపడం లేదు, అది నేర్పాల్సిన పాఠం. ఒక్క వాక్యంతో తేల్చొద్దు, అలాంటివి నాలుగైదు మామూలు వాక్యాల మధ్య కలిపి ఇవ్వాలి. “యెస్టర్‌డే” లాంటి మాట ఆ వాక్యంలో ఉండనివ్వకూడదు. ఉంటే పిల్లవాడు కాలాన్ని దాన్నిబట్టి పోల్చుకుంటాడు, ఈ-డి చదివాడో లేదో మనకు తెలియదు.