సినిమా కనిపెట్టింది ఎడిసనా, లూమియేర్ సోదరులా?

నేలటికెట్టు:
మావాడు ఎనిమిదో తరగతి. స్కూల్ క్విజ్‌లో ఎడిసన్ అని రాస్తే కొట్టేసి లూమియేర్ సోదరులని దిద్దారు. ఎడిసన్ కైనెటోస్కోప్ (కదిలే బొమ్మలు చూసే పెట్టె) 1894లోనే న్యూయార్క్‌లో డబ్బులకు చూపించారు కదా? లూమియేర్‌ల పారిస్ షో 1895 డిసెంబర్ 28న. మరి వీళ్లు ముందెలా అయ్యారు?

పాత ఆపరేటర్:
టూరింగ్ టాకీసుల్లో మొదలుపెట్టి ఇరవై రెండేళ్లు ప్రొజెక్టర్ నడిపినవాణ్ణి. తేదీలు పక్కన పెట్టి ఫిల్ము ఎలా కదులుతుందో చూడండి. రీలు గిర్రున తిరుగుతున్నట్టే ఉంటుంది గానీ, ప్రొజెక్టర్లో వెలుగు పడే చోట, అంటే గేటు దగ్గర, ప్రతి బొమ్మా ఆగి మళ్లీ జరుగుతుంది. సెకనుకు 24 సార్లు. జరిగేటప్పుడు షట్టర్ వెలుగును మూసేస్తుంది. గేటుకు పైనా కిందా ఫిల్మును కాస్త వదులుగా వంచి ఉంచుతాం, అదే లూపు. అది పోయిందా, తెర మీద హీరో దడదడలాడతాడు, కింద ఈలలు మొదలవుతాయి. ఆ టెన్షన్ పగవాడికి కూడా వద్దు!

ఎడిసన్ పెట్టెలో ఫిల్ము ఆగేదే కాదు. సన్నటి చీలికలోంచి ఒక్కో బొమ్మా తళుక్కుమని పోయేది. ఆ కాస్త వెలుతురు తెరదాకా ఎక్కడ వస్తుంది? అందుకే ఒక్కొక్కరే వంగి చూడాలి. లూయీ లూమియేర్ కుట్టుమిషన్ గుడ్డను జరిపి ఆపే పద్ధతి పట్టుకున్నాడు. కొక్కెం చిల్లుల్లో దిగి ఫిల్మును ఒక్క బొమ్మంత లాగి వదిలేస్తుంది. పెట్టె ఒకటే: షూటింగూ దానితోనే, ప్రింటూ దానితోనే, ప్రదర్శనా దానితోనే. చేత్తో సెకనుకు రెండు చుట్లు తిప్పితే 16 బొమ్మలు. ఆ రోజు పారిస్ గ్రాండ్ కఫేలో ఫ్రాంకు చొప్పున టికెట్టు కొనుక్కుని కూర్చున్నది 33 మంది. నా లెక్కలో సినిమా అంటే అలా నలుగురూ కలిసి కూర్చుని చూసేదే.

బెంచీక్లాసు:
రైలు మీదికొస్తోందని జనం పారిపోయింది ఆ షోలోనేనా?

పాత ఆపరేటర్:
ఆ రోజు వేసిన పది చిన్న సినిమాల్లో రైలు లేనే లేదండి. అది 1896 జనవరిలో వచ్చింది.

బెంచీక్లాసు:
డిక్సన్‌ను మరిచిపోయారు. ఎడిసన్ దగ్గర పనిచేసిన అతనే కదా 35 మిల్లీమీటర్ల ఫిల్ముకు ఒక్కో బొమ్మకు పక్కకు నాలుగేసి చిల్లులు పెట్టింది? లూమియేర్‌లది పక్కకు ఒక్క గుండ్రటి చిల్లే.

పాత ఆపరేటర్:
ఒప్పుకున్నా. నిలిచింది ఆ నాలుగు చిల్లులే. నా చేతుల్లోంచి పోయిన ప్రతి రీలుకూ అవే ఉండేవి. ఊళ్లు తిరిగి మా దగ్గరికొచ్చిన పాత ప్రింట్లలో అవి చిరిగిపోయి ఉంటే, ఆట మొదలయ్యేలోపు వేలితో తడిమి చూసుకుని, కత్తిరించి అతికించేవాణ్ణి.

నేలటికెట్టు:
సరే, మావాడికి అరమార్కు అడుగుతాను.