కోణం ఒకటి, భుజాలు రెండు ఇస్తే రెండు త్రిభుజాలొస్తున్నాయి, తప్పెక్కడ?

గట్టుమీద_కొబ్బరి, అమలాపురం:
"రెండు భుజాలు, ఒక కోణం తెలిస్తే త్రిభుజం గీయొచ్చు" అని పాప నోట్సులో ఉందండి. ఏబీ 7 సెం.మీ., కోణం ఏ 30°, బీసీ 4 సెం.మీ. పెట్టి గీస్తే చాపం కిరణాన్ని రెండు చోట్ల ఖండిస్తోంది. ఏసీ ఒకచోట 4.1, ఇంకోచోట 8. బీసీ 3కి తగ్గిస్తే అసలు తగలడమే లేదు. తప్పు కొలతలదా, వృత్తలేఖినిదా? పనిలో పనిగా, వృత్తలేఖినితో 40° ఎలా వేయాలో కూడా చెప్పండి.

రాజోలు_లెక్కలు:
వృత్తలేఖిని బాగానే ఉందండి, నోట్సులోనే ఓ మాట జారిపోయింది. రెండు భుజాలు, వాటి మధ్య కోణం అని ఉండాలి. ఏబీ, ఏసీలతో కోణం ఏ ఇస్తే ఒక్కటే త్రిభుజం. మీ దగ్గరున్న కోణం ఏబీ, బీసీల మధ్యది కాదు, బీసీకి ఎదురుగా ఉన్నది.

అలాంటప్పుడు బీ నుంచి ఆ కిరణం మీదికి లంబం ఎంతో చూడాలి. కోణం 30° కాబట్టి లంబం ఏబీలో సగం, అంటే 3.5. బీసీ అంతకన్నా చిన్నదైతే చాపం కిరణం దాకా అందదు. సరిగ్గా 3.5 అయితే ఒక్కచోట తాకుతుంది, అక్కడ లంబకోణం. 3.5కీ 7కీ మధ్య ఏది తీసుకున్నా రెండు: ఏకి దగ్గరగా ఉన్న సీ దగ్గర అధికకోణం, దూరంగా ఉన్నదాని దగ్గర అల్పకోణం. 7 గానీ ఆపైన గానీ అయితే మళ్లీ ఒక్కటే, ఎందుకంటే రెండో ఖండన బిందువు ఏ మీదికో ఏ వెనక్కో పోతుంది. కోణం ఏ 90° లేదా అంతకు మించితే ఈ తగువే లేదు: బీసీ, ఏబీ కంటే పెద్దదైతే ఒకటి, కాకపోతే సున్నా. కర్ణం, ఒక భుజం ఇస్తే లంబకోణ త్రిభుజం ఖాయంగా ఒక్కటే రావడం ఇందువల్లే.

పెన్సిల్_మొన, భీమవరం:
రాజోలు వారు చెప్పిన 3.5 దగ్గరే కాగితం మోసం చేస్తుంది. పెన్సిల్ మొన అర మిల్లీమీటరు మందం ఉంటే చాపం కిరణాన్ని బిందువులో తాకినట్టుండదు, అటూ ఇటూ దాదాపు 6 మి.మీ. అంటుకుపోయి కనిపిస్తుంది. ఎక్కడ పడితే అక్కడ సీ అని పెట్టేస్తారు. అక్కడ చాపాన్ని నమ్మొద్దు, బీ నుంచి లంబం దింపి దాని పాదాన్నే సీ అనండి.

మూడు భుజాలిచ్చినా ఇదే పేచీ. చిన్నవి రెండూ కలిపితే పెద్దదాన్ని మించాలి, చూడాల్సింది ఆ ఒక్క కూడికే. 4, 5, 9 అయితే చాపాలు గీత మీదే తాకి త్రిభుజం చదునైపోతుంది. 4, 5, 8.8 వస్తుంది గానీ చాపాలు మరీ ఏటవాలుగా కోసుకుంటాయి, శీర్షం ఎక్కడో కన్ను తేల్చలేదు.

40° సంగతి: స్కేలు, వృత్తలేఖినితో రాదండి. 60° వేసి సగం చేసుకుంటూ పోతే 30, 15. వాటిని కలుపుకుంటే 75, 90, 105, 135. డిగ్రీల్లో పూర్ణసంఖ్యలైతే 3 గుణిజాలే వస్తాయి. 60°ని మూడు సమాన భాగాలు చేయలేమని 1837లో ఫ్రెంచి గణితవేత్త వాంట్జెల్ నిరూపించాడు, 20° రానిది అందుకే. 20° రాదంటే 40° కూడా అంతే, వస్తే సగం చేసేవాళ్లం కదా. కోణమానిని పెట్టేయండి. అడుగు అంచు కాదు, దానికి కాస్త పైనున్న సున్నా గీత భుజం మీద కూర్చోవాలి.

గట్టుమీద_కొబ్బరి:
అర్థమైందండి. మరి నాలుగు భుజాలిస్తే? చెరువు గట్లు నాలుగూ కొలిచి సెంట్లు చెప్పేస్తుంటారు కదా.

టేపు_పట్టు, పాలకొల్లు:
ఆయ్, అది ఉత్త కాకిలెక్క. నాలుగు భుజాలు ఆకారాన్ని బిగించవు, మంచం కోళ్లలా పక్కకి వాలిపోతాయి. 60, 80, 60, 80 అడుగులకి మూలలు లంబంగా ఉంటే 4,800 చదరపు అడుగులు, 11 సెంట్లు. మూల 60°కి వాలితే 4,157, అంటే 9.54 సెంట్లే. ఒకటిన్నర సెంటు ఎటుపోయిందని తగువు. ఐమూల, అంటే ఎదురెదురు మూలల మధ్య దూరం, ఒక్కటి కొలిస్తే రెండు త్రిభుజాలై బిగుసుకుంటుంది. లంబంగా ఉంటే 100 అడుగులు, వాలితే ఒక ఐమూల 72, రెండోది 122 దరిదాపు.

నీళ్లుండి ఐమూల పట్టడం కుదరకపోతే మూల బయటికి రండి. రెండు గట్ల గీతలనూ మూల దాటించి వెనక్కి తాడుతో సాగదీసి, ఒకదాని మీద 30, రెండోదాని మీద 40 అడుగుల దగ్గర పుల్లలు పాతండి. శీర్షాభిముఖ కోణం లోపలి కోణంతో సమానమే కదా. పుల్లల మధ్య 50 వస్తే మూల లంబం, ఎక్కువైతే అధికం, 36 వస్తే 60°. తాడు గీత చూసుకోడానికే. కొలతకి కొబ్బరి తాడు వాడొద్దు, తడిస్తే ఒక పొడవు, ఆరితే ఒక పొడవు. స్టీలు టేపే పట్టండి.