యుద్ధం తర్వాతి జర్మన్ సాహిత్యంలో ఆడవాళ్లు: ఎక్కణ్ణుంచి మొదలుపెట్టాలి?

బెంగళూరు_పీజీ:
నమస్కారమండీ. ఎం.ఏ. జర్మన్ చదువుతున్నాను, డిసర్టేషన్‌కి 1945 తర్వాతి సాహిత్యంలో జెండర్ అనే టాపిక్ తీసుకున్నాను. రచయిత్రుల లిస్టు వేసి ఒక్కొక్కరి గురించి నాలుగేసి పేజీలు రాస్తే చాలంటున్నారు. జర్మన్ సాహిత్య విమర్శకురాలు సిగ్రిడ్ వైగెల్ రాసినవి కొంచెం చదివాక, అంతటితో సరిపోదనిపిస్తోంది. ఏమంటారు?

నుంగంబాక్కం_పాఠకుడు:
సరిపోదు. ముందు మగవాళ్లవి తీయండి. జర్మన్ రచయిత బోర్షెర్ట్ 1947 నాటకం ఉంది కదా, సైబీరియా నుంచి మూడేళ్లకి ఇంటికొచ్చిన సైనికుడు బెక్‌మన్‌కి పెళ్లాం పక్కన ఇంకో మగాడు కనిపిస్తాడు, చావబోతే ఎల్బే నది కూడా ముసలావిడలా చీవాట్లు పెట్టి ఒడ్డుకు తోసేస్తుంది. ఆడపాత్రలకి కొదవేం లేదు, కానీ అందరూ అతని బాధ చెప్పడానికే ఉన్నారు. బాంబుదాడిలో పసిబిడ్డను పోగొట్టుకున్న ఆ భార్య ఆ మూడేళ్లూ ఎలా బతికిందో ఎవరూ అడగరు. మీ డిసర్టేషన్ అక్కడ మొదలవ్వాలి.

అడయార్_అక్క:
తనంతట తాను చెప్పుకున్న ఆడదానికి ఏమైందో కూడా రాయమ్మా. 1945లో బెర్లిన్ రష్యన్ల చేతికి చిక్కినప్పటి డైరీ, పేరు లేకుండా ఇంగ్లీషులో 1954లో, జర్మన్‌లో 1959లో వచ్చింది. అత్యాచారాలు, ఆకలి, మిగతావాళ్ల నుంచి తప్పించుకోవడానికి ఒక ఆఫీసర్ని ఆశ్రయించడం, అన్నీ దాచకుండా రాసింది. జర్మన్ ఆడవాళ్ల పరువు తీసిందన్నారు. ఆవిడ బతికుండగా మళ్లీ అచ్చువేయనివ్వలేదు. 2003లో తిరిగొస్తే జనం ఎగబడి చదివారు. నాకైతే ఆ నలభై ఏళ్ల మౌనం కూడా సాహిత్య చరిత్రే.

బెంగళూరు_పీజీ:
మరి కవయిత్రి ఇంగెబోర్గ్ బాఖ్‌మన్? యుద్ధం తర్వాతి రచయితల బృందం గ్రూప్ 47 ఇచ్చే బహుమతి రచయిత్రి ఐషింగర్‌కి 1952లో, ఆవిడకి 1953లో వచ్చింది కదా, అంటే ఆదరించినట్టేగా?

నుంగంబాక్కం_పాఠకుడు:
కవిగా నెత్తిన పెట్టుకున్నారు, 1954లో ష్పీగెల్ వారపత్రిక కవర్ మీదా వేశారు. 1971లో 'మలీనా' నవల రాసేసరికి చాలామంది విమర్శకులు పెదవి విరిచారు. చివర్లో కథ చెప్పే మనిషి గోడ పగుల్లోకి మాయమైపోతుంది, ఆ తర్వాత ఒకే ఒక్క వాక్యం: అది హత్య. చంపిందెవరో నవల చెప్పదు. బాఖ్‌మన్‌ని జెండర్ కోణంలోంచి మళ్లీ చదివించింది తర్వాత వచ్చిన వైగెల్ లాంటివాళ్లే.

అడయార్_అక్క:
క్రిస్టా వోల్ఫ్‌ని మాత్రం ఇందులో కలపకు, తూర్పు జర్మనీ లెక్క వేరు. 'కసాండ్రా' 1983లో వచ్చింది, ట్రాయ్ యుద్ధాన్ని ఓడిన పక్షం ఆడపిల్ల చెబుతుంది. రామాయణాన్ని ఆడవాళ్ల వైపు నుంచి చెప్పిన వోల్గా గారి 'విముక్త' చదివావా? చదివుంటే తేలిగ్గా పట్టుకుంటావు. పుస్తకాలకి ఇందిరానగర్‌లోని జర్మన్ సాంస్కృతిక కేంద్రం మాక్స్ ముల్లర్ భవన్‌లో అడిగి చూడు.