ఇంటిపేరును చట్టం పెట్టించడమా? టర్కీ 1934 చట్టంపై ఒక సందేహం

ప్రశ్న – కృష్ణాతీరం

మా కార్యాలయంలో పనిచేసే టర్కీ దేశస్థుడొకరు మాటల సందర్భంలో తమ ఇంటిపేరు 1934 నాటి చట్టం ప్రకారం ముత్తాతగారు ఎంచుకున్నదని చెప్పారు. ఆ ముత్తాతగారి సొంత తమ్ముడు అప్పట్లో వేరే పట్టణంలో ఉండి, అక్కడ మరొక పేరు నమోదు చేయించుకున్నారట. అందువల్ల అన్నదమ్ముల సంతానమే అయినా నేడు ఆ రెండు కుటుంబాల ఇంటిపేర్లు కలవవు. ఇంటిపేరు తాతముత్తాతల నుంచి వచ్చేదే తప్ప కూర్చుని ఎంచుకునేది కాదనుకుంటూ పెరిగిన నాకు ఇది వింతగా తోచింది. అంతకుముందు అక్కడివారు ఒకరినొకరు ఎలా గుర్తుపట్టేవారు? ఇటువంటిది మరెక్కడైనా జరిగిందా? తెలిసినవారు వివరించగలరు.

జవాబు – పాత దస్తావేజు

మీ మిత్రులు చెప్పినది నిజమే. నేటి టర్కీకి ముందున్న ఒట్టోమన్ సామ్రాజ్య కాలంలో అక్కడి ముస్లింలలో అధిక సంఖ్యాకులకు వంశపారంపర్యమైన ఇంటిపేరు ఉండేది కాదు. మనిషికి ఒక పేరు, దానికి తోడుగా తండ్రి పేరో, పుట్టిన ఊరో, చేసే వృత్తో, లేదంటే ‘పాషా’, ‘బే’, ‘ఎఫెంది’ వంటి గౌరవ పదమో చేర్చి వ్యవహరించేవారు. పేరుమోసిన వంశాలు మాత్రం ‘జాదే’ అనో ‘ఓలు’ అనో చివర తగిలించుకునేవి. రెండింటికీ ఫలానావారి కొడుకు అనే అర్థం. ఊరిలో ఇది చక్కగా సాగిపోతుంది గానీ, సైన్యంలో చేర్చుకునే చోట, పన్ను వసూలు చేసే చోట, భూమి హక్కు రాసే చోట మెహ్మెత్ కొడుకు అలీలు నలుగురైదుగురు ఎదురైతే గుమాస్తాకు దిక్కుతోచదు.

1934 జూన్ 21న ఆమోదించిన ఇంటిపేర్ల చట్టం 1935 జనవరి 2 నుంచి అమలులోకి వచ్చింది. ప్రజలకు రెండేళ్ల గడువు ఇచ్చారు. ఇంటి పెద్ద పేరు ఎంచుకోవాలి, అది అసలు పేరుకు వెనుక రావాలి. తెగల పేర్లు, పదవుల పేర్లు, పరజాతుల పేర్లు, నవ్వు పుట్టించే పేర్లు పనికిరావు. ఎంచుకోలేనివారికి అధికారులే ఏదో ఒకటి రాసిపెట్టారు. ఇప్పుడు అక్కడ అడుగడుగునా వినిపించే యిల్మాజ్, కాయా, దెమిర్ అనే ఇంటిపేర్లకు వరుసగా వెనుదీయనివాడు, బండ, ఇనుము అని అర్థాలు. గుమాస్తా ముందు నిలబడి ఒక్క నిమిషంలో వంశానికంతటికీ పేరు చెప్పవలసివచ్చినవాడికి నోటికి వచ్చే మాటలు ఇలాగే ఉంటాయని నాకనిపిస్తుంది.

1934 నవంబరు 24న టర్కీ అధ్యక్షుడు ముస్తఫా కెమాల్‌కు ‘అతాతుర్క్’ అనే ఇంటిపేరును పార్లమెంటు ప్రత్యేక చట్టంతో ఇచ్చింది. ఆ పేరు మరొకరు పెట్టుకోకూడదన్నారు. చివరికి ఆయన సొంత చెల్లెలు మక్బూలే ఇంటిపేరు కూడా ‘అతాదాన్’ అయింది. పాషా, బే వంటి బిరుదులను రెండు రోజుల తరువాత మరో చట్టం రద్దు చేసింది. ప్రధానమంత్రి ఇస్మెత్ పాషా తాను యుద్ధంలో నెగ్గిన ఊరి పేరుతో ఇస్మెత్ ఇనోనూ అయ్యారు. కెమాల్ పెంపుడు కూతురు సబీహాకు ఆకాశానికి సంబంధించిన మాటతో ‘గోక్చెన్’ అని పెట్టారు. ఆమె విమానం నడపడం నేర్చుకున్నది ఆ తరువాతే!

అయితే దీనిని కేవలం పరిపాలనా సౌలభ్యంగా చూడడం సరికాదు. అర్మేనియన్ల ‘యాన్’, గ్రీకుల ‘పులోస్’, స్లావుల ‘ఒఫ్’ వంటి తోకలను కొత్త పేర్లకు చేర్చరాదని నిబంధనలు పెట్టారు. తుర్కులు కానివారు కూడా తుర్కు పేర్లే పెట్టుకోవలసి వచ్చింది. అచ్చమైన తుర్కు అని అర్థమిచ్చే ‘ఓజ్‌తుర్క్’ ఇంటిపేరుగా గల కుర్దులు, అంటే అక్కడి వేరొక జాతివారు, నేటికీ కనబడతారంటే కారణం ఇదే.

జవాబు – చింతచెట్టు నీడ

మరెక్కడైనా జరిగిందా అని అడిగారు కనుక ఫిలిప్పీన్స్ సంగతి చెబుతాను. స్పెయిన్ ఏలుబడిలో 1849లో గవర్నర్ జనరల్ క్లావెరియా ఇంటిపేర్ల జాబితా పుస్తకం ఒకటి అచ్చు వేయించి, అందులోంచి పేర్లు పంచమని ఆజ్ఞాపించాడు. అల్బాయ్ ప్రాంతంలోని ఒఆస్ పట్టణంలో ఇప్పటికీ ఎందరో ఇంటిపేర్లు ‘ర’ ధ్వనితోనే మొదలవుతాయి. జాబితాలో వారికి దక్కినవి ఆ అక్షరపు పుటలు! థాయిలాండ్‌లో 1913లో చట్టం వచ్చింది. బంధుత్వం లేని రెండు కుటుంబాలకు ఒకే పేరు ఉండకూడదన్నారు కాబట్టి అక్కడ ఇంటిపేర్లు బారెడేసి ఉంటాయి.

జవాబు – ఉత్తరపు గాలి

పాత దస్తావేజు గారి వివరణతో కొంత విభేదిస్తున్నాను. లెక్కలు రాయడానికి ఇంటిపేరు తప్పనిసరి అయితే ఐస్‌లాండ్ ఎలా నడుస్తోంది? అక్కడ అత్యధికులకు ఇంటిపేరే లేదు. తండ్రి పేరుకు, కొన్నిసార్లు తల్లి పేరుకు, కొడుకైతే ‘సన్’, కూతురైతే ‘దోత్తిర్’ చేరుస్తారు. 1980లో అధ్యక్షురాలిగా ఎన్నికైన విగ్దీస్ ఫిన్‌బోగాదోత్తిర్ అంటే ఫిన్‌బోగీ కూతురు విగ్దీస్ అని మాత్రమే. అన్నాచెల్లెళ్ల చివరి పేర్లు కలవవు, పెళ్లయినా స్త్రీ పేరు మారదు, టెలిఫోన్ డైరెక్టరీలో అకారాది క్రమం సొంత పేర్లను బట్టే. పైగా 1925 నాటి చట్టం కొత్తగా ఇంటిపేర్లు పెట్టుకోవడాన్నే నిషేధించింది. కాబట్టి టర్కీ నాయకులు ఇంటిపేర్లు కోరినది లెక్కల కోసం కంటే, ఐరోపా దేశాల వరుసలో నిలబడాలనే తపన కొద్దీ అని నా అభిప్రాయం.

కృష్ణాతీరం

అందరికీ ధన్యవాదాలు. మరి మన ఇంటిపేర్ల వెనుక ఏ చట్టమూ లేదు కదా, అవి ఎలా నిలిచాయంటారు?

జవాబు – పాత దస్తావేజు

ఐస్‌లాండ్ జనాభా నాలుగు లక్షల లోపే కాబట్టి ఆ పోలికను పూర్తిగా ఒప్పుకోలేను గానీ, ఐరోపా సంగతి కాదనను.

మన ఇంటిపేర్లలో వృత్తుల నుంచి, పదవుల నుంచి వచ్చినవి ఉన్నా, ఊళ్ల నుంచి వచ్చినవి కోకొల్లలు. ఊరు విడిచి వేరే చోట స్థిరపడినవారిని అక్కడివారు పాత ఊరి పేరుతో పిలవడం వల్ల ఇవి పుట్టాయి. ఉన్న ఊళ్లో అందరిదీ ఆ ఊరే కాబట్టి అది గుర్తుగా పనికిరాదు. దీనికి సాక్ష్యం పేర్లలోనే ఉంది. కందుకూరు కందుకూరి అవుతుంది, గొట్టిపాడు గొట్టిపాటి, కొండవీడు కొండవీటి, మల్లవరం మల్లవరపు. ఫలానా ఊరికి చెందిన అనే అర్థంలో పేరు చివర ఇలా మార్పు వస్తుంది. వీటిలో ‘ఇ’, ‘టి’ మార్పులను వ్యాకరణం ఔపవిభక్తికాలంటుంది. కందుకూరి వీరేశలింగం అంటే కందుకూరుకు చెందిన వీరేశలింగం అని. అందుకే మనకు ఇంటిపేరు ముందే రావాలి. విదేశీ దరఖాస్తుల కోసం దానిని చివరకు నెట్టినప్పుడు ‘కందుకూరి’ దేనికీ అతకకుండా గాలిలో వేలాడుతుంది.

అయితే మన పేర్లు కూడా రాతిమీద చెక్కినవి కావు. హైదరాబాద్ రాష్ట్ర ముఖ్యమంత్రిగా పనిచేసిన బూర్గుల రామకృష్ణారావు గారి అసలు ఇంటిపేరు పుల్లంరాజు. స్వగ్రామమైన బూర్గుల పేరే వాడుకలో పడి, ఆయనకు ఇంటిపేరుగా స్థిరపడింది.