మోంజా రేసుకు అందరికీ ఒకే సెటప్ పెడదామా?

గ్రిడ్_గోపి: ఆదివారం అసెట్టో కోర్సా కాంపిటీజియోనే అనే కార్ రేసింగ్ గేమ్‌లో, ఇటలీలోని మోంజా ట్రాక్ మీద మన లీగ్ రేసు. జీటీ3 రేసు కార్లన్నీ గేమ్ రెడీగా ఇచ్చే 'అగ్రెసివ్' సెటప్‌తోనే (వింగ్, సస్పెన్షన్, టైర్ల లాంటి సర్దుబాట్లు) నడపాలని నా మాట. ఐరేసింగ్ అనే గేమ్‌లో అందరికీ ఒకే సెటప్ ఉండే ఫిక్స్‌డ్ సిరీస్‌లు లేవా? ఎవరి చెయ్యి మంచిదో అప్పుడు తేలుతుంది.

అపెక్స్_రాజు: ససేమిరా. సెటప్ చేసుకోవడం కూడా రేసింగే. మోంజాలో వెనక వింగ్ (కారును నేలకు అదిమే రెక్క) కోణం తగ్గిస్తే స్ట్రెయిట్‌లో స్పీడ్ వస్తుంది. కానీ వెనక రైడ్ హైట్ (నేల నుంచి కారు ఎత్తు) కూడా కాస్త దించకపోతే అస్కారీ మలుపుల్లో కారు వెనక భాగం నిలవదు. ఆ లెక్క తేల్చుకోవడంలోనే మజా. పైగా ఎండ పెరిగితే ఆ రెడీమేడ్ సెటప్‌లోని టైరు ప్రెషర్ పనికిరాదు. టైరు వేడెక్కాక 26, 27 పీఎస్ఐ మధ్య ఉండాలి.

కర్బ్_కింగ్: 27.5 ఉండాలి. నేనెప్పుడూ అదే పెడతా.

అపెక్స్_రాజు: అది పాత లెక్క బ్రో. గేమ్ 1.9 అప్‌డేట్‌తో మారిపోయింది.

కర్బ్_కింగ్: నాకు బాగానే నడుస్తోంది.

గ్రిడ్_గోపి: ప్రెషర్ ఎవరిష్టం వాళ్లు మార్చుకోండి, నేనేం వద్దన్నానా? మిగతావి ముట్టుకోవద్దంటున్నా.

చికేన్_చిన్నా: నా బ్రేక్ బయాస్ (ముందు, వెనక చక్రాల మధ్య బ్రేకు పంపకం) నాకు కావాలి. లేకపోతే నేను రాను.

గ్రిడ్_గోపి: అది రేసు మధ్యలో బటన్ నొక్కి మార్చుకోవచ్చు చిన్నా.

అపెక్స్_రాజు: అసలు ఇది కష్టపడేవాళ్లను వెనక్కి లాగే ఐడియా. ప్రాక్టీస్ చెయ్యడం ఇష్టం లేకపోతే సూటిగా చెప్పండి.

గ్రిడ్_గోపి: మాట జాగ్రత్త రాజూ. ఆఫీసు నుంచి వచ్చి పిల్లల్ని పడుకోబెట్టాక నాకు మిగిలేది గంట. ఆ గంట డ్యాంపర్ల (షాక్ అబ్జార్బర్ల) సెట్టింగులు తిప్పుతూ కూర్చుంటే ల్యాపులు ఎప్పుడు తిరగాలి? పోయినసారి స్పా ట్రాక్ రేసుకి మీరు నలుగురు డబ్బు పెట్టి కొన్న సెటప్‌తో వచ్చారు. ఫైల్ పంపమని గ్రూపులో అడిగితే ఒక్కరైనా పలికారా?

అపెక్స్_రాజు: మా డబ్బుతో కొన్నది ఎందుకివ్వాలి?

పిట్‌వాల్_పద్మ: ఇందాకేమో కష్టపడి చేసుకోవాలన్నారు రాజు గారూ. కొన్నదానికి ఆ మాట ఎలా వర్తిస్తుంది? గోపి గారి బాధ ఫిక్స్‌డ్ గురించి కాదు, దాచుకోవడం గురించి. ఓపెన్‌గానే, అంటే ఎవరి సెటప్ వాళ్లదిగానే పెట్టండి, కానీ క్వాలిఫయింగ్‌కు (స్టార్ట్ వరుస తేల్చే ల్యాపులకు) ముందు అందరూ ఫైళ్లు గ్రూపులో పెట్టాలి.

అపెక్స్_రాజు: కొన్నది బయట పెట్టకూడదని అమ్మినవాళ్ల షరతు. నేను సొంతంగా చేసిందైతే పెడతా.

గ్రిడ్_గోపి: అయితే కొన్నది వాడొద్దు. దీనికి ఒప్పుకుంటే ఫిక్స్‌డ్ మాట వెనక్కి తీసుకుంటా. శుక్రవారం రాత్రి వరకు ఓటింగ్ పెడుతున్నా.

కర్బ్_కింగ్: నా ఫైల్ ఇప్పుడే పెట్టేశా, చూసుకోండి.