సమస్య: నడుపువాఁడు లేక నడిచె బండి

ఆటవెలది నాలుగో పాదం ఇది. దీనితో ముగిసేలా మిగతా మూడు పాదాలు రాయడమే పూరణ. ఈ వారం షరతు ఒకటే: పూరణ మూకీ హాస్య చిత్రాల్లోని సైకిళ్ల మీదో, వాటి బంధువుల మీదో ఉండాలి. దయ్యాలు, మంత్రాలు వద్దు. పోయినసారి చాలానే వచ్చాయి.

మొదటి పూరణ (మూకీ హాస్యనటుడు బస్టర్ కీటన్ చిత్రం 'షెర్లాక్ జూనియర్', 1924)

హ్యాండిలెక్కి కీటనానందముగఁ బోవ
వెనుక చోదకుండు వీథిఁ బడగ
మాటలాడుకొంచు మలుపులన్నియు దాటె
నడుపువాఁడు లేక నడిచె బండి

నిర్వాహకుడు: తొలి పాదంలో హ్యా-ఆ యతి (పాదం మొదటి అక్షరానికి, మధ్యలో వచ్చే అక్షరానికి ఉండాల్సిన పొందిక) బాగా కుదిరింది. కానీ అమ్మా, బస్టర్ కీటన్‌కు ఆనందమెక్కడిది! తెర మీద నవ్వడు కనుకే రాతిముఖం అన్నారు. వంతెన మధ్యలో తెగి ఉంటే, సరిగ్గా ఆ క్షణానికి కిందికొచ్చిన రెండు లారీల మీదుగా దాటేస్తాడు. వెనక్కి తిరిగి చూస్తే కదా సంగతి తెలిసేది! "కీటనదరకే పోవంగ" అనండి. గణమూ చెడదు, మనిషీ చెడడు.

ఒక సభ్యుడు: మోటారు సైకిల్ చెల్లుతుందా మాస్టారూ?

నిర్వాహకుడు: బంధువులన్నాను కదండీ.

రెండో పూరణ (కీటన్‌దే 'అవర్ హాస్పిటాలిటీ', 1923)

కట్టె గుర్రమెక్కి కాళ్లతో నేలను
తన్ని తన్ని ముందు తరలె నతఁడు
గొలుసు లేదు చూడ గురుతైన, పెడలును
నడుపువాఁడు లేక నడిచె బండి

నిర్వాహకుడు: శభాష్! "పెడలును నడుపువాఁడు" అని కలిపేసరికి సమస్యలో చిక్కే లేకుండా పోయింది. కథాకాలం 1830 ప్రాంతం. 1817లో జర్మనీలో కార్ల్ డ్రైస్ నడిపిన బండి వంటిదే అది, కాళ్లతో నెట్టుకోవాలి. పెడల్ 1860లలో గానీ ఫ్రాన్సులో రాలేదు. "గురుతైన" మాత్రం యతి కోసమే వచ్చినట్టుంది.

పూరణకర్త: దొరికిపోయాను.

మూడో పూరణ (కొత్త సభ్యుడు)

చేతితోడ కెమెర చిన్నగా తిప్పగ
తెరను సైకిలురికె వేగముగను
పడిన పిదప కూడ పరుగాపలేదయో
నడుపువాఁడు లేక నడిచె బండి

నిర్వాహకుడు: తమ్ముడూ, విషయం గట్టిది. కెమెరాను చేత్తో తిప్పే రోజులవి. తీసేటప్పుడు నెమ్మదిగా తిప్పి, ఆడించేటప్పుడు మామూలుగా నడిపిస్తే తెర మీద అంతా ఉరుకులే. కానీ రెండో పాదంలో తె-వే యతి కుదరదు. "తీవ్రగతిని" అంటే సరి.

ఒక సభ్యురాలు: మనిషి పడ్డాక సైకిల్ పోవడం అతిశయోక్తి కాదా?

కొత్త సభ్యుడు: కాదండీ. మా వీధి వాలులో వదిలి చూశాను. ఎటు ఒరిగితే హ్యాండిల్ అటే తిరిగి, చాలాదూరం నిటారుగా పోయింది. ఎవరి గోడకు తగిలిందో మాత్రం అడగొద్దు.