డావిన్చీ నోట్‌బుక్కులు ఆన్‌లైన్‌లో చూడాలంటే ఎక్కడ మొదలుపెట్టాలి?

మల్కాజిగిరి అమ్మ
మా పాప తొమ్మిదో తరగతి, ఎడమచేతి వాటం. లియొనార్డో డావిన్చీ కూడా ఎడమ చేత్తో, కుడి నుంచి ఎడమకి, అద్దంలో చూసినట్టు రాసేవారని విన్నప్పట్నుంచి ఆ నోట్‌బుక్కులు చూపించమని ఒకటే పోరు. ఆదివారం ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద, ఆయన రాతల్ని రిక్టర్ అనే పండితుడు ఏర్చికూర్చిన సంకలనం రెండు భాగాలూ దొరికితే తెచ్చిచ్చాను. బాగానే ఉంది కానీ అచ్చువేసిన వాక్యాలే ఎక్కువ, నీళ్ల గురించి ఒకచోట, బొమ్మలు గీయడం గురించి ఇంకోచోట. "ఆయన రాసిన పేజీ ఏదమ్మా?" అంటుంది. నిన్న ఆన్‌లైన్‌లో కోడెక్స్ అట్లాంటికస్ (కోడెక్స్ అంటే రాతప్రతుల సంపుటి) తెరిచాం, 1,119 ఆకులు చూసేసరికి ఇద్దరికీ కళ్లు తిరిగాయి. ఇటాలియన్ రాదు. ఎవరైనా దారి చెప్పండి.

బాలానగర్ వర్క్‌షాప్
అట్లాంటికస్ తర్వాత చూద్దురు గానీ మేడమ్, ముందు లండన్‌లోని విక్టోరియా అండ్ ఆల్బర్ట్ మ్యూజియం వాళ్ల ఫార్‌స్టర్ కోడెక్స్ తెరవండి. మూడో సంపుటి జేబులో పట్టేంత చిన్నది. అందులో 72ఆర్‌కి వెళ్లండి. వీటిలో పేజీలు కాదు, ఆకులు లెక్కపెడతారు, ఆర్ అంటే ఆకు ముందు వైపు, వి అంటే వెనక. పైన వెలిసిపోయిన ముసలావిడ బొమ్మ, అందమైనదేదీ ఎంతోకాలం నిలవదనే అర్థంలో ఒక పంక్తి. దాని కింద ఎర్ర సుద్దతో దిమ్మలు, వాటికి కట్టిన తాడు కప్పీ మీంచి వెళ్లి చివర బరువు వేలాడుతూ ఉంటుంది. ఈ రాతలు పనికిరానివని 1920లలో మ్యూజియం డైరెక్టరే కొట్టిపారేశారు. 2016లో కేంబ్రిడ్జ్ ప్రొఫెసర్ ఇయాన్ హచింగ్స్ తేల్చింది ఏంటంటే, లియొనార్డో 1493లో ఘర్షణ నియమాలు మొదటిసారి రాసుకున్నది ఇక్కడే. బరువు ఎంత పెరిగితే ఘర్షణ అంత పెరుగుతుంది, ఆనే వైశాల్యంతో సంబంధం లేదు. ఫ్రెంచి శాస్త్రవేత్త అమోంటన్స్ పేరుతో మనం చదువుకున్నవే ఇవి, ఆయన ప్రకటించింది 1699లో! రోజూ బేరింగులతో పనిచేసేవాణ్ణి, ఆ పేజీ మొదటిసారి చూసినప్పుడు చాలాసేపు కదల్లేకపోయాను.

కోఠి పుస్తకాలు
పై అన్న చెప్పింది నూటికి నూరుపాళ్లు నిజం. ముసలావిడ, కవిత, కప్పీ ఒకే ఆకు మీద ఉండటమే అసలు సంగతి. రిక్టర్ 1883లో విషయాలవారీగా సర్దారు, దాంతో పక్కపక్కన ఉన్నవి విడిపోయాయి. అంతకుముందే పోంపేయో లియోని అనే శిల్పి చాలా ఆకులు కత్తిరించి అతికించి అట్లాంటికస్ తయారుచేశాడు, కొన్ని ముక్కలు ఇంగ్లండ్ రాజకుటుంబం వారి విండ్సర్ కోట చేరాయి. మన సాలార్‌జంగ్‌లో రాతప్రతి అద్దాల పెట్టెలో ఉంటే తెరిచిపెట్టిన పేజీ ఒక్కటే చూస్తాం, ఆన్‌లైన్‌లో ఆకు తిప్పి వెనక ఏముందో కూడా చూడొచ్చు.

రిక్టర్‌ని మాత్రం అమ్మేయకండి. ప్రతి భాగానికీ అది ఏ కోడెక్స్, ఎన్నో ఆకులోదో ఇచ్చి ఉంటుంది, ఇంగ్లీషులో నచ్చిన వాక్యం పట్టుకుని దాని అసలు ఆకు వెతుక్కోవచ్చు. ఎస్.కె.ఎం. అని కనిపిస్తే కంగారుపడొద్దు, అది సౌత్ కెన్సింగ్టన్ మ్యూజియం, ఇప్పటి విక్టోరియా అండ్ ఆల్బర్టే. పుస్తకం వచ్చినప్పుడు దాని పేరు అదే.

మల్కాజిగిరి అమ్మ
ఇద్దరికీ చాలా థాంక్సండీ. రాత్రి 72ఆర్ తెరిచి ట్యాబ్ పక్కన చేతి అద్దం పెట్టుకుని కూర్చుంది, అద్దంలో అక్షరాలు తిన్నగా కనిపించగానే చిన్న అరుపు. పొద్దున లేవగానే లగేజీ తూచే కొక్కేనికి ఇటుక కట్టి గచ్చు మీద లాగింది, ఒకసారి పడుకోబెట్టి, ఒకసారి పక్కకి నిలబెట్టి. అంకె రెండుసార్లూ దాదాపు ఒకటే! ఇప్పుడు 72వి చూస్తానంటోంది, స్కూల్ బస్సు హారన్ కొడుతోంది, సాయంత్రం మళ్లీ రాస్తాను.